ఒక చెవి ఖాళీగా ఉంచండి

మా పీజీలో ఒక ఫ్లోర్‌కు పదహారు మందిమి. వైఫై పాస్‌వర్డ్ అందరికీ తెలుసు, పక్క గదివాడి పేరే తెలీదు. హైదరాబాద్‌లో ఇది మామూలే.

పోయిన నెల జేబీఎస్‌లో సిద్దిపేట బస్సెక్కాను. కిక్కిరిసి ఉంది. ఓ పెద్దమ్మ తన సంచి ఒళ్లోకి తీసుకుని ‘కూసో బిడ్డా’ అంది. చేతిలో జీరో టికెట్. 2023 డిసెంబర్ 9న ఆడవాళ్లకు ఫ్రీ బస్సు మొదలయ్యాక, నెలకోసారి పోయి కొడుకును చూసొస్తోందట.

‘మంచిగ చూసుకుంటడా పెద్దమ్మా?’ అన్నాను.

‘మంచిగనే చూస్తడు. అందరు ఇంట్లనే ఉంటరు. తలుపులేసుకొని ఫోన్ల మాట్లాడుతరు. నాతోని మాట్లాడనీకి టైముండది.’

మనవడికని చేసుకెళ్లిన సకినాలు సగం డబ్బాలోనే ఉన్నాయి. మూత తీసి నా ముందు పెట్టింది. ప్రజ్ఞాపూర్ వచ్చేసరికి, ఇంట్లో కూడా చెప్పని సంగతి ఆమెకు చెప్పేశాను: ప్రాజెక్ట్ అయిపోయి రెండు నెలలుగా బెంచ్ మీదున్నానని.

‘బెంచంటే ఏంది బిడ్డా?’

‘పని లేక కూర్చోవడం.’

‘నేను గూడ గంతే మరి’ అని నవ్వింది.

కుకునూరుపల్లిలో దిగిపోయింది. పేర్లు అడుక్కోలేదు, నంబర్లు ఇచ్చుకోలేదు. ఆ రాత్రి నాన్నకు బెంచ్ సంగతి చెప్పాను. రెండోసారి చెప్పడం కదా, తేలిగ్గానే వచ్చింది.

తెలిసినవాళ్లకు చెబితే భయపడతారు, లేదంటే సలహాలిస్తారు. మళ్లీ కలవని మనిషికి చెబితే బరువు తగ్గుతుంది, పరువు పోదు.

షికాగోలో నికోలస్ ఎప్లీ, జూలియానా ష్రోడర్ అనే పరిశోధకులు రైళ్లు, బస్సుల్లో దీన్నే పరీక్షించి 2014లో ప్రచురించారు. కొత్తవాళ్లతో మాట్లాడితే ప్రయాణం చిరాగ్గా ఉంటుందని జనం ఊహించారు. తీరా చూస్తే మాట్లాడినవాళ్లకే ప్రయాణం ఎక్కువ హాయిగా గడిచింది. ప్రపంచంలో ప్రతి ఆరుగురిలో ఒకరు ఒంటరితనంతో బాధపడుతున్నారని ప్రపంచ ఆరోగ్య సంస్థ 2025లో చెప్పింది. ఆ లెక్కన యాభై మంది ఉన్న బస్సులో ఎనిమిది మంది.

అలాగని కనిపించిన ప్రతివాళ్లనీ పలకరించమని కాదు. మాట్లాడే మూడ్ లేనివాళ్లను వాళ్ల మానాన వదిలేయండి. కానీ ఒక ఇయర్‌బడ్ తీసి జేబులో వేసుకోండి. ‘ఎక్కడిదాకా?’ అని అడగడానికి డేటా ఖర్చు కాదు.