పెళ్లికి ముందు రాసిన నామినీ

రక్షణ శాఖ ఖాతాల విభాగంలో 2000లో చేరిన ఓ ఉద్యోగి, అప్పటికి పెళ్లి కాలేదు కనుక, నామినీగా తల్లి పేరు రాశాడు. 2003లో పెళ్లయ్యాక గ్రాట్యుటీకీ, గ్రూపు ఇన్సూరెన్సుకూ భార్య పేరు పెట్టాడు. జనరల్ ప్రావిడెంట్ ఫండ్ (జీపీఎఫ్) నామినేషన్ కాగితం మాత్రం అలాగే ఉండిపోయింది. 2021లో ఆయన పోయాక ఆ ఒక్క కాగితం అత్తాకోడళ్లను ట్రిబ్యునల్‌కూ, బొంబాయి హైకోర్టుకూ, సుప్రీంకోర్టుకూ తిప్పింది. పెళ్లితోనే పాత నామినేషన్ చెల్లకుండా పోయిందనీ, సొమ్ము ఇద్దరికీ చెరిసగమనీ 2025 డిసెంబరులో తీర్పు వచ్చింది.

ఇందులో దురాశ ఎవరిదని వెతకడం దండగ. తల్లి చేతిలో కొడుకు సంతకం ఉంది. భార్య వైపు పద్దెనిమిదేళ్ల కాపురం ఉంది. పెళ్లి శుభలేఖ ఆఫీసులో టేబుల్ టేబుల్‌కూ పంచినప్పుడు, ఆ ఫారం సంగతి ఒక్కరూ అడగకపోవడమే అసలు లోపం.

ఉద్యోగి పోతే వచ్చేదంతా ఒకే మూట అని ఇంట్లోవాళ్లు అనుకుంటారు. చట్టం అలా అనుకోదు. ఫ్యామిలీ పెన్షన్ అసలు ఆస్తే కాదు. ఓ రైల్వే ఉద్యోగి రాసిన వీలునామా పట్టుకుని ఆయన సోదరుడు వచ్చినప్పుడు, ఫ్యామిలీ పెన్షన్‌ను వీలునామాతో ఎవరికీ రాసివ్వడం కుదరదని సుప్రీంకోర్టు 1991లోనే తేల్చింది. అది నిబంధనల ప్రకారం ముందు భార్యకో భర్తకో, తర్వాత అర్హులైన పిల్లలకు వెళ్తుంది. వాళ్లెవరూ లేనప్పుడే కేంద్ర ఉద్యోగి మీద ఆధారపడిన తల్లిదండ్రుల వంతు వస్తుంది. పీఎఫ్ దారి వేరు. నామినీ ఆ డబ్బు అందుకునే మనిషే తప్ప సొంతదారు కాదని, డబ్బు వారసులదేనని 2009లో ఓ బ్యాంకు ఉద్యోగి తల్లికీ భార్యకూ మధ్య నడిచిన కేసులో తేలింది. హిందూ వారసత్వ చట్టం తల్లిని, భార్యను, పిల్లలను మొదటి తరగతి వారసుల్లో కూర్చోబెట్టి తండ్రిని రెండో తరగతికి నెట్టింది. కొడుకు చదువుకు పొలం అమ్మిన తండ్రికి ఈ సంగతి ఎవరు చెప్పాలి?

రెండు సంసారాల కథ మరీ చిక్కు. సర్వీసులో ఉన్నన్నాళ్లూ గుట్టుగా సాగినది కర్మకాండ నాటికి ఆఫీసు గుమ్మం ఎక్కుతుంది. బిహార్ ఉద్యోగి ఒకరి విషయంలో 2000లో సుప్రీంకోర్టు చెప్పింది సూటిగానే ఉంది: మొదటి భార్య బతికుండగా చేసుకున్న రెండో పెళ్లి చెల్లదు, రెండో భార్యకు పెన్షన్ రాదు. ఆమె పిల్లలకు మాత్రం హక్కు ఉంది, పెన్షన్‌లో అయితే మైనారిటీ తీరేదాకా.

మన దగ్గర గొడవ మొదలయ్యేది సాధారణంగా తహసీల్దారు ఇచ్చే ఫ్యామిలీ మెంబర్ సర్టిఫికెట్ దగ్గర. విచారణకు వచ్చిన రెవెన్యూ ఉద్యోగి ముందు ఒక పేరు చెప్పకుండా దాటేస్తే చాలు, అభ్యంతరం పడుతుంది, ఫైలు ఆగుతుంది. వారసులెవరో తేల్చే అధికారం తహసీల్దారుకు లేదు కాబట్టి వ్యవహారం సివిల్ కోర్టుకు, 1925 నాటి చట్టం కింద వారసత్వ ధ్రువపత్రం కోసం వెళ్తుంది. అక్కడ వాయిదాల మీద వాయిదాలు. ఇక్కడ ఇంటి అద్దె, పిల్లల ఫీజులు ఆగవు.

ఇదంతా ఉద్యోగి బాధ్యతే అని శాఖలు చేతులు దులుపుకోవడం న్యాయం కాదు. ఇంక్రిమెంట్ వేయడానికి ప్రతి ఏటా సర్వీసు రిజిస్టర్ తెరుస్తూనే ఉన్నారు. నామినేషన్ పేజీ కూడా అప్పుడే చూపించి సంతకం తీసుకుంటే పోయేదేముంది? రెండు తెలుగు రాష్ట్రాల్లోనూ పెళ్లయిన ఉద్యోగి హెల్త్ కార్డులో భార్య పేరు చేర్చడానికి తనే పరిగెత్తుకొస్తాడు, ఆస్పత్రి అవసరం అలాంటిది. ఆ దరఖాస్తు పెట్టిన రోజే జీపీఎఫ్, గ్రాట్యుటీ, ఇన్సూరెన్సు నామినేషన్లు మూడూ మళ్లీ నింపితేనే అది ముందుకు కదిలేలా చేయాలి. తల్లికి కొంత, భార్యకు కొంత అని వాటాలు రాయాలనుకునేవాళ్లు అప్పుడే రాసుకుంటారు. పని పెరుగుతుందని సెక్షన్లో గుమస్తా విసుక్కోవచ్చు. కోర్టు నోటీసులకు కౌంటర్లు తయారు చేసే పని కంటే ఇది ఎక్కువేమీ కాదు.