కాశయ్య మంత్రి మాట్లాడిన యాస

శంషాబాద్ బస్టాండులో కాసేపు నిలబడితే చాలు, ‘ఏడికి వోతున్నవే’, ‘గిట్ల జరుగన్నా’ అనే పలకరింపులు చెవిన పడుతూనే ఉంటాయి. 1985లో ఈ రకం మాటను ఒక మంత్రి నోట వెండితెర మీద విని తెలుగు ప్రేక్షకులు ఉలిక్కిపడ్డారు. టి.కృష్ణ తీసిన ‘ప్రతిఘటన’లో ఆ మంత్రి పేరు కాశయ్య. వేషం కట్టిన కోట శ్రీనివాసరావుది మాత్రం కృష్ణా జిల్లా కంకిపాడు.

1942 జులై 10న డాక్టరుగారింట పుట్టిన కోట నాటకాలాడుతూ పెరిగి స్టేట్ బ్యాంకులో ఉద్యోగం చేశారు. 1978లో ‘ప్రాణం ఖరీదు’తో సినిమాల్లోకి వచ్చారు. చిరంజీవి నటించగా ముందుగా విడుదలైన సినిమా కూడా అదే. చిరంజీవి చకచకా ఎదిగారు గానీ, కోట మాత్రం కాశయ్య కోసం ఏడేళ్లు ఆగాల్సి వచ్చింది.

ఆ తర్వాత ఆగింది లేదు. 1987లో జంధ్యాల ‘అహ నా పెళ్లంట’లో పిసినారి లక్ష్మీపతి అయ్యారు. బట్టలు అరిగిపోతాయని ఒంటికి న్యూస్‌పేపరు చుట్టుకుంటాడు. ఇంటి కప్పు నుంచి కోడిని వేలాడదీసి, దాన్ని చూస్తూ ఉత్త అన్నం లాగించేస్తాడు. చూపు కోడి మీద, ముద్ద నోట్లో. నవ్వించాలన్న తాపత్రయం ఆ మొహంలో వెతికినా కనిపించదు. లక్ష్మీపతికి అది భోజనం, అంతే! హాస్యం పేరుతో కళ్లు ఎగరేసే నటులు ఆ సీను మళ్లీ మళ్లీ చూడాలి.

తెలంగాణవాళ్లకు ఈ కథలో ఒక మంట ఉంది. కాశయ్య హిట్టయ్యాక మన రచయితలకు సులువైన దారి దొరికింది. లంచగొండి మంత్రి, వీధి రౌడీ, తాగుబోతు ఎవరైనా సరే, ‘గా యాస’ పెట్టేయడమే. 1998లో ‘గణేష్’లోని ఆరోగ్య మంత్రి కూడా ఆ కోవలోని వాడే. హీరోకు, డాక్టరుకు, జడ్జికి మాత్రం కోస్తా తెలుగు. తప్పు నటుడిది కాదు, కాగితం మీద రాసినవాళ్లది. కోట ఆ యాసను వెక్కిరించలేదు. నిదానంగా, అధికారం చలాయించేవాడి ధీమాతో పలికారు. కాశయ్యను చూస్తే నవ్వు కాదు, భయం పుట్టింది అందుకే.

విలన్ ముద్ర పడినవాడికి మరో కోణం చూపించే అవకాశం రావడం ఎక్కడైనా అరుదే. ఈజిప్టులో మహమూద్ అల్ మెలీగీని ప్రేక్షకులు దశాబ్దాల పాటు దుష్టుడిగానే చూశారు. 1970లో యూసఫ్ షాహీన్ ‘అల్ అర్ద్’ అనే సినిమాలో భూమి కోసం కొట్లాడే రైతు వేషం ఇస్తే, ఆయన పేరు చెప్పగానే ఆ రైతే గుర్తొచ్చేలా చేశారు. కోటకు అలాంటి వేషం 2004లో ‘ఆ నలుగురు’లో దొరికింది. అప్పు ఇచ్చిన కోటయ్య ఒక చావింట్లో మనిషిగా మారే తీరు చూస్తే, లక్ష్మీపతీ ఈయనేనా అనిపిస్తుంది.

1999 నుంచి 2004 దాకా విజయవాడ తూర్పు ఎమ్మెల్యేగా ఉన్నారు. 2010లో కొడుకును రోడ్డు ప్రమాదంలో పోగొట్టుకున్నారు. 2015లో పద్మశ్రీ వచ్చింది. 2025 జులై 13న హైదరాబాద్‌లో, 83 ఏళ్ల వయసులో కన్నుమూశారు.

ఈలోగా కాలం కాస్త మారింది. ‘ఫిదా’లో హీరోయిన్, ‘బలగం’లో ఇంటిల్లిపాదీ తెలంగాణ మాటే మాట్లాడితే జనం నెత్తిన పెట్టుకున్నారు. శంషాబాద్ పక్కన నర్కూడ అమ్మపల్లి గుడి కోనేటి దగ్గర ఎన్నో సినిమాలు తీశారు, ఇంకా తీస్తూనే ఉన్నారు. షూటింగుకు వచ్చే దర్శకులకు ఒక మనవి: ఆ మెట్లతో పాటు ఆ ఊరి మాటనూ కెమెరా ముందు పెట్టండి. ఈసారి మంత్రికి కాదు, జడ్జికి ఇవ్వండి.