గట్టోళ్ళుండే చోటికి పోండి

ప్రొద్దుటూరు, జమ్మలమడుగు, పులివెందుల పిల్లలూ, పండక్కి మీ ఊళ్ళో పెట్టిన టెన్నిస్ బాల్ టోర్నీలో కప్పు కొట్టినారా? మంచిది. బండి మీద కప్పు పట్టుకుని వీధులన్నీ తిరగండి. ఫోటోలు దిగండి. ఆ సంతోషం మీకు రావాల్సిందే. తెల్లారినాక మాత్రం ఒక్క ప్రశ్న వేసుకోండి. మిమ్మల్ని ఓడించగలిగేవాడు ఆ టోర్నీలో ఒక్కడన్నా ఉన్నాడా? లేడంటే ఆ మైదానం దగ్గర మీరు నేర్చుకోవాల్సింది అయిపోయింది. గట్టోళ్ళుండే చోటికి పోండి.

మీ మూడూళ్ళ నడుమనే ఒకమ్మాయి ఈ పని చేసి చూపించింది. ఎర్రగుంట్ల నుంచి వేంపల్లె పోయే దారిలో వీరపునాయునిపల్లె తగులుతుంది. ఆ మండలంలోని ఎర్రమల్లె, నల్లపురెడ్డి శ్రీచరణి ఊరు. 2004లో పుట్టింది. నాయన ఆర్టీపీపీ థర్మల్ విద్యుత్ కేంద్రంలో ఉద్యోగి. ముద్దనూరు వైపు పోతూ బస్సు కిటికీలోంచి మీరంతా చూసే ఆ పొగగొట్టాల కిందనే ఆ ఇంటి బతుకు. ఖోఖో ఆడింది, బ్యాడ్మింటన్ ఆడింది, పరుగుపందేల్లో ఉరికింది. క్రికెట్ రుచి చూపించింది మేనమామ. నాయన మొదట్లో ఒప్పుకోలేదు. మొదట వేగంగా బంతులు వేసేది, తర్వాత ఎడమచేతి స్పిన్‌కు మారింది. ఇందులో ముందుగా గీసుకున్న గీత ఏదీ లేదు. ఐదేళ్ళప్పుడే అకాడమీలో చేర్చలేదు కాబట్టి నా పని అయిపోయిందని పద్దెనిమిదేళ్ళకే నిట్టూర్చే వాళ్ళుంటే ఈ ముక్క రెండుసార్లు చదువుకోండి.

2024 డిసెంబరులో మహిళల ప్రీమియర్ లీగ్ వేలంలో 10 లక్షల కనీస ధరతో మొదలైన ఆమె పేరు 55 లక్షలకు ఢిల్లీ క్యాపిటల్స్ దగ్గర ఆగింది. మన అంగళ్ళ ముందర అందరూ మాట్లాడింది ఆ 55 లక్షల గురించే. నాకు మాత్రం ఆ డబ్బుకంటే, దాంతోపాటు వచ్చిన నెట్స్ మీద కన్ను పడింది. ఆ జట్టుకు అప్పటి కెప్టెన్ మెగ్ లానింగ్, ఆస్ట్రేలియాకు ప్రపంచకప్పులు గెలిపించిన మనిషి. ఇంకో పక్క షెఫాలీ వర్మ, బంతి కనబడితే ఊరవతల పారేసే రకం. జెస్ జొనాసెన్ కూడా అప్పుడు అక్కడే ఉండింది. ఆమెదీ ఎడమచేతి స్పిన్నే, పైగా ఏళ్ళ అనుభవం. అంటే మన పిల్ల పోయి కూర్చుంది తనకంటే బాగా ఆ పనే చేసే మనిషి పక్కన! ఆడే అవకాశం దక్కింది కొద్ది మ్యాచ్‌లకే. అయితేనేం? ప్రొద్దుటూరు బంగారు అంగళ్ళలో చూడండి, నగ ఎంత మెరిసినా షావుకారు దాన్ని గీటురాయి మీద గీయకుండా మాట చెప్పడు. అట్లాంటి రాయి మీద గీయించుకోవడానికి తనంతట తానే పోయింది ఆ పిల్ల.

తర్వాత జరిగింది వేగంగా జరిగింది. 2025 ఏప్రిల్‌లో కొలంబోలో మొదటి వన్డే. జూన్ 28న నాటింగ్‌హామ్‌లో మొదటి టీ20. ఆ రోజు స్మృతి మంధాన సెంచరీతో భారత్ 210 చేస్తే, ఇంగ్లండ్ 113కే కుప్పకూలింది. శ్రీచరణి 12 పరుగులిచ్చి 4 వికెట్లు తీసింది. ఐదు మ్యాచ్‌ల సిరీస్‌ను మనవాళ్ళు 3-2తో గెలిచినారు. 10 వికెట్లతో ఆ సిరీస్ ఉత్తమ క్రీడాకారిణి ఎర్రమల్లె పిల్లే.

నవంబరు 2న నవీ ముంబైలో దక్షిణాఫ్రికాను 52 పరుగుల తేడాతో ఓడించి భారత మహిళలు మొదటిసారి ప్రపంచకప్పు ఎత్తినారు. ఆ టోర్నీలో శ్రీచరణికి 14 వికెట్లు. మన జట్టులో దీప్తి శర్మ తర్వాత ఆమెవే ఎక్కువ. రాష్ట్ర ప్రభుత్వం రెండున్నర కోట్లు, కడపలో ఇంటిస్థలం, గ్రూప్-1 ఉద్యోగం ప్రకటించింది. సంతోషం. కానీ మీరు గోడ మీద రాసి పెట్టుకోవాల్సిన అంకె అది కాదు. అక్టోబరులో విశాఖపట్నంలో ఆస్ట్రేలియాతో మ్యాచ్ గుర్తుందా? 331 పరుగుల లక్ష్యాన్ని వాళ్ళు ఛేదించేసినారు. మహిళల వన్డేల్లో అంతకు ముందు అంత లక్ష్యాన్ని ఎవరూ అందుకోలేదు. మన బౌలింగ్‌ను చీల్చి చెండాడిన ఆ రాత్రి శ్రీచరణి పది ఓవర్లు వేసి 41 పరుగులిచ్చి 3 వికెట్లు తీసింది. ఓడిన మ్యాచ్ కాబట్టి ఆ అంకె ఫ్లెక్సీల మీదికెక్కదు. రాసుకోవాల్సింది దాన్నే.

ఫుట్‌బాల్ ఆడే పిల్లలు మీలో తక్కువే అయినా, వాళ్ళకూ ఒక మాట. క్రిస్టియన్ పులిసిక్ అని ఒక అమెరికా పిల్లోడు. పెన్సిల్వేనియాలో చాక్లెట్లకు పేరుపడ్డ హెర్షీ అతని ఊరు. మన ఇళ్ళలో పిల్లల్ని ఏ దేశానికి పంపాలని అప్పులు చేస్తామో, ఆ దేశాన్ని వదిలి ఇతను పదహారేళ్ళకే జర్మనీకి పోయి డార్ట్‌మండ్ క్లబ్బులో చేరినాడు. అమెరికాలో ఉంటే తన ఈడు వాళ్ళలో రాజు. అక్కడ మాత్రం భాష రాని కొత్తోడు, జర్మన్ నేర్చుకుంటూ ఆడినాడు. 2016లో పదిహేడేళ్ళకు పెద్ద జట్టులో అడుగుపెట్టినాడు. 2019లో చెల్సీ క్లబ్బు అతనికోసం 6 కోట్ల 40 లక్షల యూరోలు పోసింది. అక్కడ గాయాలు, బెంచీ మీద కూర్చోవడాలు. అయినా 2021 ఛాంపియన్స్ లీగ్ ఫైనల్లో దిగి, ఆ ఫైనల్ ఆడిన మొదటి అమెరికన్ మగ ఆటగాడైనాడు. 2023లో మళ్ళీ మూట కట్టుకుని మిలాన్‌కు పోయినాడు.

అతని కథలో మీకు దొరకని వసతులూ ఉన్నాయి, అవి దాచి పెట్టి మిమ్మల్ని ఉబ్బించడం నాకు చేతకాదు. తల్లీదండ్రీ ఇద్దరూ కాలేజీ జట్లకు ఆడినవాళ్ళు. తండ్రి వెంట పోయి తోడున్నాడు. తాత పుట్టింది క్రొయేషియాలో, కాబట్టి ఆ దేశం పాస్‌పోర్టు దొరికింది. పద్దెనిమిది నిండని పిల్లలు పరదేశం క్లబ్బుకు మారడానికి ఫిఫా నియమాలు మామూలుగా ఒప్పుకోవు. యూరోపియన్ యూనియన్ వాళ్ళకు మాత్రం ఆ ఈడు పదహారు. అతనికి కలిసొచ్చిన రెండేళ్ళు అవే.

మరి అట్లాంటి తాత లేని వాళ్ళ సంగతి? నిజామాబాద్ జిల్లా కిసాన్‌నగర్ తండా నుంచి వచ్చిన గుగులోత్ సౌమ్య 2022లో అదే క్రొయేషియాకు పోయి దినామో జాగ్రెబ్ మహిళల జట్టులో చేరింది. తండా నుంచి జాగ్రెబ్! తర్వాత తిరిగొచ్చి ఈస్ట్ బెంగాల్‌కు ఆడింది. 2024-25కు దేశంలో ఉత్తమ మహిళా ఫుట్‌బాలర్‌గా జాతీయ సమాఖ్య ఆమెనే ఎంచింది. పోయినోళ్ళు వెనక్కి రావడం ఓటమి అనుకునేవాళ్ళు మన ఊళ్ళో చాలామంది. దుబాయి, కువైట్‌ల నుంచి వచ్చినోళ్ళనూ అట్లాగే చూస్తారు. వాళ్ళ మాట చెవిన వేసుకోవద్దు.

మీకు ఇప్పటికిప్పుడు జాగ్రెబ్ అక్కర్లేదు, కడప చాలు. రంజీ మ్యాచ్‌లు జరిగే వై.ఎస్.రాజారెడ్డి స్టేడియం ఉంది. చిన్న తరగతుల్లోనే పరీక్షలు పెట్టి చేర్చుకునే క్రీడా పాఠశాల పుట్లంపల్లిలో ఉంది. మీ తమ్ముడో చెల్లెలో చురుగ్గా ఉంటే ఆ సంగతి ఇంట్లో చెప్పాల్సింది మీరే. టెన్నిస్ బాల్ పక్కన పెట్టి తోలుబంతి పట్టుకోండి. మొదటి వారం వేళ్ళు వాస్తాయి, బంతి మీరనుకున్నట్టు తిరగదు. మీకంటే రెండేళ్ళు చిన్నపిల్లోడు మీ వికెట్ ఎగరగొడతాడు. వాని దగ్గరికి పోయి “ఎట్లేసినావబ్బీ?” అని అడగండి. అడగడానికి సిగ్గయితే మీకింకా ఊరి కప్పు మత్తు దిగలేదని లెక్క.

మగపిల్లలకు ప్రత్యేకంగా ఒకటి. సాయంత్రమైతే హైస్కూలు మైదానం మొత్తం మీదే. ఒక మూల ఇద్దరమ్మాయిలు బంతి వేసుకుంటుంటే నవ్వుతారు, పక్కకు తరుముతారు. ఆ ఇద్దరిలో ఒకరు మీ బ్యాటింగ్‌ను ఆరు బంతుల్లో తేల్చేయగలరేమో! పిలిచి బౌలింగ్ ఇవ్వండి. ఔటైతే పోయేదేముంది?

అమ్మానాయనలతో కొట్లాడకండి, లెక్క చెప్పండి. ఎన్ని గంటలకు లేస్తాను, ఎన్ని గంటలు ఆడతాను, పరీక్షలు ఎప్పుడు రాస్తాను, ఎన్నేళ్ళు గడువు ఇస్తారు అని అడగండి. గడువు అడిగిన బిడ్డను కాదనడం తల్లిదండ్రులకు కష్టం. ఇంకో పని కూడా ఇప్పుడే చేసుకోండి. బర్త్ సర్టిఫికెట్‌లో, ఆధార్‌లో, పదో తరగతి మార్కుల జాబితాలో పుట్టినతేదీ, పేరు, ఇంటిపేరు ఒకే తీరుగా ఉన్నాయో లేదో చూడండి. బడిలో చేర్పించేటప్పుడు అయ్యవారు వేసిన తేదీ ఒకటి, ఇంట్లో అనుకునేది ఇంకొకటి ఉంటే, ఎంపికల రోజు మీ బౌలింగ్ ఎవరూ చూడరు. తేడా ఉంటే ఈ వారమే మీసేవకు పోండి. పోయిన దారిలోనే, జిల్లా జట్టు ఎంపికలు ఎప్పుడో కడపకు ఫోన్ చేసి కనుక్కోండి.