'ఎప్పుడైనా' అంటే ఎప్పటిదాకా?

రెవెన్యూ చట్టాల్లో చూడటానికి అమాయకంగా ఉండే మాట ఒకటుంది: 'ఎప్పుడైనా'. రికార్డులో తప్పు దొర్లిందనిపిస్తే పైఅధికారి సుమోటోగా ఎప్పుడైనా దాన్ని తిరగదోడవచ్చు. గడువు రాయలేదు. అదే అధికారికి రైతు అర్జీ పెట్టుకుంటే ఫైలు కదలడానికీ గడువు లేదు. భూవివాదాల్లో సగం చిక్కు ఈ రెండింటి మధ్యే ఉంది.

హైదరాబాద్ శివారు గోపన్‌పల్లి సంగతి చూడండి. 1950ల నాటి ఖాస్రా పహణీలో నమోదు తప్పని రంగారెడ్డి జాయింట్ కలెక్టరు నోటీసు ఇచ్చేసరికి 2004 సంవత్సరం వెళ్లిపోతోంది. ఈ యాభై ఏళ్లలో తరాలు మారాయి, ఐటీ కంపెనీలు ఆ ఊరి పొలిమేర దాకా వచ్చాయి. గజం విలువ పెరిగాక తప్పు కంటబడిందేమిటని ఎవరైనా అడిగితే జవాబు చెప్పడం కష్టమే. వ్యవహారం సుప్రీంకోర్టుకెక్కింది. చట్టంలో గడువు లేకపోయినా అధికారాన్ని సహేతుకమైన కాలంలోనే వాడాలని, అయిదు దశాబ్దాల తర్వాత రికార్డు తిరగదోడటం నిరంకుశమేనని 2015 జనవరిలో కోర్టు తేల్చింది. ఇది కొత్త సూత్రమూ కాదు. గుజరాత్ నుంచి వచ్చిన ఒక కేసులో, కలెక్టరు ఇచ్చిన అనుమతిని కమిషనర్ ఏడాది దాటాక రద్దు చేస్తే, అదే ఆలస్యమని ఈ కోర్టు 1969లోనే చెప్పింది.

ఇదంతా పట్టాదారుకు ఊరటగానే కనిపిస్తుంది. కానీ ఈ కత్తికి రెండో వైపూ పదునుంది.

నమోదుకాని కొనుగోళ్లకు చట్టబద్ధత ఇస్తూ తహసీల్దార్లు జారీచేసిన సర్టిఫికెట్లను రద్దు చేయాలని ఇబ్రహీంపట్నం తాలూకా వ్యవసాయ కూలీ సంఘం సుప్రీంకోర్టు దాకా పోరాడింది. 2003లో ఓడిపోయింది. కారణం మళ్లీ ఆలస్యమే. మోసం జరిగిందంటే అది బయటపడిన నాటి నుంచి కాలం లెక్కిస్తామని కోర్టు ఒక సందు వదిలింది. అయితే ఆ మోసాన్ని వివరాలతో చూపాలి. నిద్రపోయింది కార్యాలయం, ఓడింది కూలీలు.

దావా వేస్తే సర్కారుకు వెసులుబాటు లేకపోలేదు. స్థిరాస్తి స్వాధీనం కోసం ప్రైవేటు వ్యక్తికి 12 ఏళ్లు, ప్రభుత్వానికి 30 ఏళ్లు ఇచ్చింది 1963 నాటి కాలపరిమితి చట్టం. అయినా సివిల్ కోర్టులో సాక్ష్యం పెట్టి గెలవడం కన్నా ఒక నోటీసుతో పహణీ దిద్దడమే తేలిక కాబట్టి యంత్రాంగం ఆ దారే పడుతుంది.

ఇక రైతు వైపు ఆలస్యం. పొలం సర్వే నంబరు రిజిస్ట్రేషన్ చట్టం సెక్షన్ 22-ఎ కింది నిషేధిత జాబితాలో చేరితే రిజిస్ట్రేషన్ ఆగిపోతుంది. తీసేయమని అర్జీ పెడతాడు, ఉలుకూ పలుకూ ఉండదు. హైకోర్టులో రిట్ వేస్తే ఇన్ని వారాల్లో అర్జీ తేల్చమని ఆదేశం వస్తుంది. అధికారి తేలుస్తాడు, చాలాసార్లు తిరస్కరిస్తూ. మళ్లీ రిట్. ఆంధ్రప్రదేశ్‌లో చుక్కల భూముల కథా ఇదే: రీసెటిల్‌మెంట్ రిజిస్టర్‌లో పట్టాదారు పేరుండాల్సిన చోట బ్రిటిష్ కాలపు గుమాస్తా పెట్టిన చుక్కలు చెరపడానికి 2017లో ప్రత్యేక చట్టమే చేయాల్సి వచ్చింది.

వేగం పెంచితే తీరుతుందా అంటే తెలంగాణ అనుభవం ఉంది. 2020 నాటి పట్టాదారు పాస్‌పుస్తకాల చట్టం రెవెన్యూ కోర్టులను ఎత్తేసి, పేరుకుపోయిన వేల కేసులను ప్రత్యేక ట్రైబ్యునళ్లకు అప్పగించింది. అవి చకచకా తీర్పులిచ్చాయి. తమ వాదన వినకుండానే కేసు ముగించారని కక్షిదారులు హైకోర్టుకు వెళ్తే, అడిగినవారి కేసులు మళ్లీ వినాలని 2021లో కోర్టు చెప్పింది. ఆ 2020లోనే సాదాబైనామాల, అంటే తెల్లకాగితం మీద రాసుకున్న నమోదుకాని కొనుగోళ్ల, క్రమబద్ధీకరణకు దరఖాస్తులు తీసుకుంటుండగా ఈ కొత్త చట్టంతో పాత చట్టం రద్దయింది. లక్షల కాగితాలు ఏ చట్టం కిందికీ రాకుండా ఆగిపోయాయి. 2025 భూభారతి చట్టం ఆర్డీవో, కలెక్టరు ముందు అప్పీళ్లను తిరిగి తెచ్చింది. అయిదేళ్ల నాటి ఆ సాదాబైనామా దరఖాస్తులూ ఇప్పుడు ఆర్డీవో బల్లమీదికే చేరాయి.