పుల్లటి ద్రాక్షకు చక్కెర చల్లొద్దు

ద్రాక్ష కొనేటప్పుడు మీరు గుత్తిలో ఏ పండు రుచి చూస్తారు? చాలామంది పైన, కాడ దగ్గరిది తెంపుకుంటారు. ఈసారి అట్టడుగున కొసకున్న పండు తినండి. గుత్తిలో కొస పండ్లు సాధారణంగా చివరగా తీపెక్కుతాయి. అది తియ్యగా ఉంటే మిగతా గుత్తి గురించి బెంగ అక్కర్లేదు. బోధన్ వైపు చెరుకు నమిలిన వారికి ఇది చెప్పాల్సిన పనిలేదు: మొదలు తీపి, కొస చప్పన.

మామిడి, అరటి కాయలుగా తెచ్చినా ఇంట్లో పండుతాయి. ద్రాక్ష అలా కాదు. ఆకుల్లో తయారైన చక్కెర పండులోకి చేరి గ్లూకోజ్, ఫ్రక్టోజ్‌గా మారుతుంది. అదే సమయంలో పులుపు తగ్గుతుంది. ఇదంతా తీగ మీద జరగాల్సిందే. కోశాక నాలుగు రోజులు దాచినా తీపి పెరగదు.

కాబట్టి జాగ్రత్తంతా బండి దగ్గరే. ఆకుపచ్చ రకమైతే లేత పసుపు ఛాయ తిరిగిన గుత్తి ఎంచుకోండి. నల్ల ద్రాక్షయితే కాడ మొదట్లో కూడా రంగు నిండుగా ఉండాలి. కాడ పచ్చగా ఉంటే తాజా సరుకని అర్థం. పండు మీద పలుచటి తెల్లపొడి చాలావరకు సహజమైన మైనపు పూత. అయినా ధారగా పడే నీళ్ల కింద కడిగే తినాలి.

పుల్లగా ఉన్నాయని చక్కెర చల్లడం, జ్యూస్ చేసి రెండు చెంచాలు కలపడం మన ఇళ్లలో మామూలే. శక్కర్‌నగర్ అని పేరులోనే చక్కెర ఉన్న ప్రాంతం మనది. అక్కడి నిజాం చక్కెర ఫ్యాక్టరీ 2015లో మూతపడినా, తీపి లేనిదే మర్యాద కాదన్న అలవాటు మాత్రం పోలేదు. ప్రపంచ ఆరోగ్య సంస్థ తగ్గించమంటున్నది ఇలా కలిపే చక్కెరనూ, పండ్లరసాల్లోని చక్కెరనూ. పండును పండుగా తింటే వచ్చేది ఆ లెక్కలోకి రాదు.

అలాగని గిన్నెడు తినమని కాదు. 100 గ్రాముల ద్రాక్షలో సుమారు 16 గ్రాముల చక్కెర ఉంటుంది. షుగర్ ఉన్నవారు ఎంత తినొచ్చో డాక్టర్‌నే అడగాలి.

ఇంకో మాట. ఫ్రిజ్‌లోంచి తీసిన వెంటనే తింటే నాలుకకు తీపి తక్కువగా తెలుస్తుంది. కాసేపు బయట పెట్టి పిల్లలకివ్వండి. చిన్నపిల్లలకైతే గొంతుకు అడ్డం పడకుండా నిలువుగా నాలుగు ముక్కలు కోసివ్వండి. తియ్యటి గుత్తి కొద్దిగా కొన్నా చాలు. పుల్లటిది చవకగా వస్తున్నా బండి మీదే వదిలేయండి.