పరువు నష్టానికి సివిల్ దావా కూడా ఉంది

సంపాదకులకు,

పరువు నష్టంపై మీ వ్యాసం జైలుశిక్ష దగ్గరే ఆగిపోయింది. భారతీయ న్యాయ సంహిత 356వ సెక్షన్ కింద నేరమైన అపవాదుకు సివిల్ కోర్టులో పరిహారమూ అడగవచ్చు. ఆ రాత పరువు తీసేదని, తన గురించేనని, మూడో మనిషికి చేరిందని వాది చూపాలి. అది నిజమేనని ప్రతివాది రుజువు చేస్తే దావా వీగిపోతుంది. 1963 లిమిటేషన్ చట్టం ప్రకారం, అచ్చయిన రాతపై దావాకు గడువు ప్రచురించిన నాటి నుంచి ఏడాదే. లీగల్ నోటీసులతో కాలయాపన చేస్తే హక్కే పోతుంది. బాధితులకు ముందు చెప్పాల్సింది ఇదే.

మరో మాట: ప్రభుత్వాలు, స్థానిక సంస్థలు పరువు నష్టపరిహారం కోరుతూ దావా వేయలేవని 1994లో రాజగోపాల్ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. అధికారాన్ని ప్రశ్నించే ప్రతి పౌరుడికీ ఈ సంగతి తెలియాలి.

– ఒక న్యాయవాది, గుంటూరు