చూసే ఆడపిల్ల

2025 జూలైలో తమిళ సినిమా ‘బ్యాడ్ గర్ల్’ టీజర్‌ను ఇంటర్నెట్ నుంచి తీసేయాలని మద్రాసు హైకోర్టు మదురై బెంచ్ ఆదేశించింది. ఆగస్టు 1న మన ‘బేబి’కి, తమిళ ‘పార్కింగ్’తో పాటు, ఉత్తమ స్క్రీన్‌ప్లే జాతీయ అవార్డు ప్రకటించారు. మన సినిమా పేజీలకు ఈ రెండూ వేర్వేరు వార్తలు. మాకు మాత్రం ఒకటే.

రెండు సినిమాల్లోనూ స్కూలు వయసులోనే ప్రేమలో పడిన అమ్మాయి ఉంది. వర్షా భరత్ తీసిన ‘బ్యాడ్ గర్ల్’లో రమ్య తనకు నచ్చినవాణ్ణి తానే ఎంచుకుంటుంది, దెబ్బ తింటుంది, మళ్లీ లేస్తుంది. కథ ఆమె పక్కనే నడుస్తుంది. ‘బేబి’లో వైష్ణవి బస్తీ నుంచి ఇంజనీరింగ్ కాలేజీకి వెళ్లడం, చేతికి ఫోను రావడం, అలంకారం మారడం, అన్నీ పతనానికి మెట్లే. ఏడ్చే హక్కు ఆమెను ప్రేమించిన ఆనంద్‌ది. ఆమెను తిట్టినప్పుడల్లా హాల్లో ఈలలు మోగాయి. అవార్డు వచ్చింది ఆమెను బోనులో నిలబెట్టిన ఆ అల్లికకే.

మైనర్లను చూపిన తీరు మీదే కోర్టు అభ్యంతరమంతా అని కొందరంటున్నారు. మరి జనవరిలో ‘బ్యాడ్ గర్ల్’ టీజర్ వచ్చిన నాడు లేచిన రభసలో పిల్లల రక్షణ ఎంత వినిపించింది, రమ్య కులం పరువు ఎంత వినిపించింది? ఇంటర్ వయసు ప్రేమ, గర్భం చుట్టూ అల్లిన ‘చిత్రం’ 2000లో మన ఊరూరా హిట్టయింది. కోరిక అబ్బాయి వైపు నుంచి చెబితే సరదా, అమ్మాయి వైపు నుంచి చెబితే సంస్కృతికి ముప్పు!

శుచి తలాటి తీసిన ‘గర్ల్స్ విల్ బి గర్ల్స్’ చూడండి. హిమాలయాల దగ్గరి బోర్డింగ్ స్కూల్లో మీరా ప్రిఫెక్ట్, క్లాసులో ఫస్టు. ముద్దెలా పెట్టాలో తన చేతి మీదే సాధన చేస్తుంది, పరీక్షకు చదివినంత శ్రద్ధగా. అందులో వెకిలితనం లేదు. ఆ శ్రద్ధ చూస్తే ముచ్చటేస్తుంది, భయమూ వేస్తుంది. కెమెరా ఆమె ఒంటిని తడమదు, ముఖాన్ని చదువుతుంది. 2024లో సన్‌డాన్స్ ప్రేక్షకులు దానికి అవార్డిచ్చారు.

తెలుగులో ఇలాంటి పిల్ల ఎందుకు లేదు? సరుకు లేక కాదు. 1993లో స్త్రీవాద కవితా సంకలనం ‘నీలిమేఘాలు’ వచ్చేనాటికే మన కవయిత్రులు తమ ఒంటి గురించి తామే మాట్లాడారు, బూతని తిట్లు తిన్నారు, రాయడం ఆపలేదు. ఆ పుస్తకం వచ్చి ముప్పై ఏళ్లు దాటింది. మన నిర్మాతలు ఇంకా హీరో కన్నీళ్లకే పెట్టుబడి పెడుతున్నారు, జ్యూరీలు వాటికే ఓటేస్తున్నాయి.